చిన్న తెరకు దుబాసి



నేటి ప్రసంగ విషయము పేరు వినగనే మీలో కొందఱు రేడియో కట్టివేయుదురేమో యని నాకు శంకగా నున్నది. అఱచేతిలో నిముడు కంప్యూటరునకు అంతకంటె చిన్నదగు తెరను తగిలించుట, ఆ తెరకు డ్రైవరును నెలకొల్పుట, ఇవి పిల్లల వేడుకలు గదా, వ్యవసాయము చేసికొను మనకు వీనితో నేమి పని యని మీరనవచ్చును. నేనును మొదట నట్లే తలచితిని. అట్లు తలచి, తెలియని పనిని తేలికగా నెంచి, మా గ్రామములోని బావుల నీటి లెక్క 14 నెలలది ఒక్క పూటలో తుడిచివేసితిని. కావున నేను మీతో మాటాడుట పండితుడనై కాదు, చేయి కాల్చుకొనినవాడనై.

మొదట యంత్రము సంగతి చెప్పెదను. ఇంగ్లాండు దేశమున కేంబ్రిడ్జి నగరమందు, బాలురకు కంప్యూటరు విద్య చౌకగా నలవడవలెనను తలంపుతో కొందఱొక ధర్మసంస్థను స్థాపించిరి. వారు 2012 ఫిబ్రవరి 29వ తేదీన రాస్ప్‌బెర్రీ పై అను పేర నొక చిన్న కంప్యూటరును విక్రయమునకు దెచ్చిరి. 85 మిల్లీమీటర్ల పొడవు, 56 మిల్లీమీటర్ల వెడల్పు గల పచ్చని పలక అది. అప్పటి వెల 35 డాలర్లు. దానికి పెట్టె లేదు, మీటల పలక లేదు, తెర లేదు. చిన్న జ్ఞాపకపు కార్డు నొకదానిని దాని కడుపున దోపినచో, ఆ కార్డుమీద వ్రాసియున్న దంతయు అది చదివికొని పని మొదలుపెట్టును. కార్డే దాని బుద్ధి, కార్డే దాని బీరువా. ఈ మాటను గుర్తుంచుకొనవలెను. నా కథ దీనిమీదనే నడచును.

ఈ పలకను సాధారణముగా టెలివిజనునకు తగిలించి వాడుదురు. చిన్నపని కంత పెద్ద తెర యెందుకని వేడుకకాండ్రు బొటనవ్రేలంత మొదలుకొని అఱచేయంత వఱకు గల చిన్న తెరలను కొని, పలక యంచున నిలిచియున్న సూదులకు తగిలింతురు. 2014వ సంవత్సరము నుండి వచ్చిన పలకలలో ఈ సూదులు 40. టెలివిజను తన పేరు, తన కొలతలు తానే కంప్యూటరునకు చెప్పుకొనును. ఈ చిన్న తెరలు చెప్పవు. అవి మూగవి. వాని బదులు మనమే చెప్పవలెను. అక్కడనే డ్రైవరు అవసరము వచ్చును.

డ్రైవరనగనే మనకు బస్సు నడుపువాడు మనసున మెదలును. ఇక్కడి డ్రైవరు మనుష్యుడు కాడు, కంప్యూటరు లోపల నుండు నొక చిన్న ఆదేశముల కట్ట. వాని యుద్యోగమును నేను దుబాసితనమని చెప్పుదును. పూర్వము చెన్నపట్టణమున దొరలకును మన వర్తకులకును నడుమ దుబాసులుండెడివారు. దొరకు తెలుగు రాదు, వర్తకునకు ఇంగ్లీషు రాదు. బేరమంతయు దుబాసి నాలుకమీద నడచును. దుబాసి నేర్పరియు నమ్మదగినవాడు నైనచో ఇరువురికిని లాభము. వాడు మోసగాడైనచో ఇరువురికిని తెలియకుండనే ఇల్లు గుల్ల యగును. కంప్యూటరు చూపగోరు బొమ్మను తెరకు తెలియు సంజ్ఞలలోనికి మార్చి చెప్పుట డ్రైవరు పని.

మా యూరి గ్రంథాలయమునకు ఈ యంత్రమొకటి 2023 మార్చి నెలలో చేరినది. ఇంజనీరింగు చదువుచున్న మా మనుమడు తెచ్చి యిచ్చెను. ఊరిలోని 9 బావులలో నీరెంత లోతున నున్నదో వారమునకు రెండుమారులు త్రాడు విడిచి కొలిచి, గ్రంథాలయపు కుఱ్ఱవాడు ఆ అంకెలను దానిలో నెక్కించెడివాడు. అంతకుముందు ఆ లెక్కను పుస్తకములో వ్రాసెడివారము. యంత్రము రాగానే పుస్తకము అటక యెక్కినది. వేసవిలో నెవరి మోటారు ఎన్ని గంటలు త్రిప్పవలెనో మేము కూర్చుండి నిర్ణయించుకొనునది ఆ లెక్కను బట్టియే. అంకెలు ఎదుట నున్నప్పుడు గొంతులు కొంత తగ్గును. లేనప్పుడు ఎవరి బావి వారికి ఎండిపోయినట్లే తోచును.

అయితే లెక్క యంత్రములో నుండెనే కాని వచ్చినవారి కంటికి కనబడదు. వాకిట నొక చిన్న తెర పెట్టినచో దారిని పోవువారును చూచుకొందురు గదా యని నాకు తోచినది. 2024 మే నెలలో పట్టణమునకు పోయి 2.8 అంగుళముల తెర నొకదానిని కొంటిని. దానితోపాటు అచ్చువేసిన చీటి యొకటి వచ్చెను. అందు వ్రాసియున్న దేమనగా: మా చోటినుండి ఈ కార్యక్రమమును దింపుకొనుడు, సర్వాధికారముతో నడిపింపుడు, యంత్రమును ఆర్పి వెలిగింపుడు, తెర పనిచేయును.

సర్వాధికారమను మాటను నేను ఆనాడు సరిగా గమనింపలేదు. ఆ యంత్రములో మామూలుగా మనము చేయు పనులకు హద్దులుండును. ఒకరి పత్రములు మరియొకరు చెఱుపలేరు. యంత్రపు మూలపత్రములను ఎవరును తాకలేరు. సూడో అను నొక మాటను ముందుంచి ఆజ్ఞ ఇచ్చినచో ఆ హద్దు లన్నియు తొలగిపోవును. ఇంటి తాళపుచేతుల గుత్తిని బాటసారి చేతిలో పెట్టి, నీకు తోచిన గదులు తెఱువుమని చెప్పుటవంటిది. డ్రైవరును నెలకొల్పుటకు కొంత యధికారము కావలసినమాట నిజమే. కాని దేనికి ఇచ్చుచున్నామో చదివి ఇచ్చుట వేఱు, చదువక ఇచ్చుట వేఱు.

పొరుగింటి టెలివిజనును అరువు దెచ్చి యంత్రమునకు తగిలించి, చీటిలో చెప్పినట్లే చేసితిని. అక్షరములు బిరబిర పరుగెత్తినవి. యంత్రమును ఆర్పి వెలిగించితిని. టెలివిజను నల్లబడినది. చిన్న తెర తెల్లబడినది. చేతులు వణకసాగినవి. చీటిని త్రిప్పిచూడగా వెనుకవైపున నింకొక ఉపాయము కలదు: ఇట్లైనచో మా సంపూర్ణ ప్రతిని మీ కార్డుపై వ్రాసికొనుడు, అందు డ్రైవరు సిద్ధముగా నున్నది. ఒక మిత్రుని కంప్యూటరులో ఆ కార్డును పెట్టి వ్రాసితిని. అరగంట పట్టినది. తిరిగి యంత్రమున దోపగా చిన్న తెరపై అందమైన రంగుల బొమ్మ వెలసినది. అక్కడ చేరిన నలుగురమును చప్పట్లు చఱచితిమి. గ్రంథాలయపు కుఱ్ఱవాడు మాత్రము కొంతసేపు చూచి, "అయ్యగారూ, మన బావుల లెక్క ఏదీ?" అని యడిగెను.

లెక్క లేదు. సంపూర్ణ ప్రతి యనగా కార్డునకు క్రొత్తగా సున్నము కొట్టుట కాదు. ఇల్లు పడగొట్టి వేఱొక ఇల్లు కట్టుట. క్రొత్త వ్రాత పడినచోట పాత వ్రాత మరల రాదు. అమ్మినవాడు ఎవరి లెక్కను చెఱుపవలెనని కోరలేదు. కార్డులో మీ సొత్తు ఏమైన నున్నచో ముందుగా వేఱొకచోట ప్రతి తీసికొనుడను ఒక్క వాక్యము మాత్రము చీటిలో లేదు. ఆ ఊహ నాకును కలుగలేదు.

మా యూర నొక వృద్ధ రైతు ఈ యంత్రమును మొదటినుండియు నమ్మలేదు. ప్రతి ఆదివారమును తన బావియు, ఇరుగు పొరుగు బావులు రెండును ఎంత లోతున నున్నవో గోడమీది క్యాలెండరులో ఆ తేదీ గడిలోనే పెన్సిలుతో వ్రాసికొనెడివాడు. 9 బావులలో 3 బావుల లెక్క, అదియు ఆదివారములది మాత్రమే, ఆ క్యాలెండరు నుండి తిరిగి వచ్చినది. తక్కిన 6 బావుల 14 నెలల సంగతి పోయినట్లే. ఆ వేసవి మోటారుల తగవులో నేను నోరెత్తలేకపోతిని.

జూన్ నెలలో మనుమడు వచ్చెను. నేను చెప్పిన దంతయు విని, కోపగింపక, "తాతగారూ, ఆ తెర వెనుక నున్న చిప్పు పేరేమి?" అని యడిగెను.

"ఏమో నాయనా! అంగడివాడు 2.8 అంగుళముల తెర యని చెప్పెను."

"అది కొలత, పేరు కాదు. మీరు ఎద్దును కొనునప్పుడు పండ్లు పట్టి చూడరా?"

ఆ మాట నాకు గట్టిగా తగిలినది. ప్రతి తెరలోను చుక్కలను వెలిగించి ఆర్పు చిప్పొకటి యుండును. దుబాసి మాటాడవలసినది ఆ చిప్పుతో. తెరకు అంగడిలో నెన్ని పేర్లు పెట్టినను, పెట్టెమీద నెవరి ముద్ర వేసినను, లోపలి చిప్పు ఒక్కటే కావచ్చును. మా తెర చిప్పు ఐ.ఎల్.ఐ. 9341. తైవాను దేశపు సంస్థ తయారుచేయునట్టిది. వేడుకకాండ్రలో మిక్కిలి వాడుకలో నున్నది. అది 240 అడ్డుచుక్కలు, 320 నిలువుచుక్కలు గల తెరను నడుపును. తెర యెప్పుడు కొనినను వెల యడుగుటకు ముందు చిప్పు పేరడుగవలెను. చెప్పలేనివానియొద్ద కొనకుండుట మేలు.

ఇక ఆ తెల్లదనమునకు కారణము. తెర వెనుక చిన్న దీపములుండును. వానికి కరెంటు అందినంతనే అవి వెలుగును. వెలిగినంత మాత్రమున చిప్పు మేల్కొనినట్లు కాదు. తెల్లని తెర యనగా వీధిదీపము వెలుగుచున్నది, ఇంటివారు నిద్రలో నున్నారని యర్థము. చిప్పును మేల్కొలుపుటకు సంఖ్యలు పంపవలెను. 17 అను సంఖ్యను పంపిన అది నిద్ర లేచును. లేచినవెంటనే పని చెప్పరాదు. డ్రైవరులు సాధారణముగా 120 మిల్లీసెకనులు, అనగా సెకనులో సుమారు ఎనిమిదవ పాలు, ఆగును. 58 అను సంఖ్యతో చుక్కకు రంగును ఎన్ని గుర్తులలో చెప్పుదుమో తెలుపవలెను. 54తో తెర నిలువా అడ్డమా అను సంగతి. 41 పంపగా బొమ్మ కనబడును. పిమ్మట 42తోను 43తోను బొమ్మ గీయవలసిన గడిని గుర్తించి, 44 పంపి, రంగులను వరుసగా కుమ్మరింపవలెను. ఇంతే డ్రైవరు చెప్పు భాష. మంత్రము కాదు, మాయ కాదు.

ఈ సంఖ్యలు పోవుటకు సన్నని తీగెలు కొన్ని గలవు. ఒకటి తాళము వేయును, ఒకటి మాట మోయును, ఒకటి ఈ మాట నీకే యని చిప్పును తట్టును. వీనిలో చిత్రమైన దొకటి కలదు. ఇప్పుడు వచ్చుచున్నది ఆజ్ఞయా, సరకా యని చెప్పు తీగె. 44 అను సంఖ్య ఆజ్ఞయు కావచ్చును, ఒక రంగులోని పాలును కావచ్చును. ఆ తీగె యెత్తు పల్లములను బట్టియే చిప్పు తెలిసికొనును. దానిని ఒక సూదికి తగిలించి, పత్రములో వేఱొక సూది సంఖ్య వ్రాసినచో ఆజ్ఞ లన్నియు సరకుగా చెల్లిపోవును. తెర తెల్లగనే యుండును. వేడుకకాండ్రకు కలుగు చిక్కులలో పెక్కు ఈ యొక్క తీగెతోనే.

అంతకంటె విచిత్రము మరియొకటి. ఈ మార్గమును ఎస్.పి.ఐ. అందురు. ఇందు సాధారణముగా తెర బదులు చెప్పదు. దండోరా వేయువాడు వీధిలో చాటి పోవును. ఇంటిలో మనుష్యులున్నారో లేరో వానికి తెలియదు. కావున తెర నసలు తగిలింపకున్నను, డ్రైవరు నెలకొనినదని కంప్యూటరు తన దినచర్యలో వ్రాసికొనును. మనుమడు ఆ పంక్తిని నాకు చూపి, తీగెలన్నియు ఊడబెఱికి, మరల యంత్రమును వెలిగించి, అదే పంక్తిని మరల చూపెను. పంతులనై ముప్పదియేండ్లు హాజరుపట్టీ పిలిచిన నాకు, బళ్లో లేని పిల్లవాడు వచ్చినట్లు వ్రాయబడుట చూచి నవ్వు వచ్చినది. బొటనవ్రేలంత తెరలలో ఎస్.ఎస్.డి. 1306 అను చిప్పు గలవి కొన్ని ఐ.టు.సి. అను వేఱొక మార్గమున పనిచేయును. అందు ప్రతి వస్తువునకును ఇంటినంబరు గలదు, పిలిచిన పలుకును. దాని నంబరు సాధారణముగా 60. క్రొత్తవారికి అట్టిది సులభము.

కరెంటు విషయము ఒక్కమాటలో చెప్పెదను. ఆ పలక సూదులు 3.3 వోల్టుల మాటలకే తగినవి. 5 వోల్టులను మాటతీగెకు తగిలించిన పలకయే పాడగును. ఆర్పి తగిలింపవలెను, తగిలించి వెలిగింపవలెను.

ఇప్పుడు అసలు విషయమునకు వచ్చితిని: దుబాసిని ఎక్కడనుండి తెచ్చుకొనవలెను? ఈ యంత్రమును నడుపు మూలగ్రంథమునకు లైనక్సు కెర్నెలని పేరు. ఫిన్‌లాండు దేశమున హెల్సింకీ నగరములో చదువుచున్న లైనస్ టోర్వాల్డ్స్ అను విద్యార్థి 1991లో దానిని మొదలుపెట్టెను. నాటినుండి నేటివఱకు వేలకొలది జనులు, ఎవరు వ్రాసినది యెవరైనను చదివి తప్పు పట్టు పద్ధతిలో, దానిని పెంచుచున్నారు. దాని లోపలి యేర్పాట్లు కూర్పు కూర్పునకును మారుచుండును. లోపల నున్న డ్రైవరులను ఆ మార్పు చేయువారే సరిచేసికొని పోవుదురు. వెలుపల నెవరో ఒకనాడు వ్రాసి వదలిన డ్రైవరు వెనుకబడును. నా చీటిలోని కార్యక్రమమునకు పట్టిన గతి ఇదియే. పెద్దతెర బొమ్మను చిన్న తెరకు నకలుచేయు నొక పాత త్రోవను అది నమ్ముకొనెను. 2021 నవంబరులో వెలువడిన కూర్పుతో ఆ త్రోవ మామూలుగా మూసివేయబడినది. ఏర్పాట్ల పత్రముండు చోటు కూడ 2023 అక్టోబరు కూర్పున మారినది. సంక్రాంతికి మనుమడు మా యంత్రమునకు ఆ క్రొత్త కూర్పు నెక్కించియుండెను. చీటి మాత్రము ఎన్నడో వ్రాసినది. పాత చిరునామా పట్టుకొని వచ్చిన బంధువువలె అది ఒకరింటి తలుపు తట్టుటకు మాఱుగా వేఱొకరి గోడ పగులగొట్టినది.

చిన్న తెరల దుబాసులను కెర్నెలులో చేర్చుటకు పాటుపడినవారిలో ముఖ్యుడు నోరాల్ఫ్ ట్రోన్నెస్ అను నాయన. ఆయన వ్రాసిన ఎఫ్.బి.టి.ఎఫ్.టి. అను డ్రైవరుల కట్టను 2015లో వెలువడిన 4.0 కూర్పున కెర్నెలువారు స్వీకరించిరి. కాని నట్టింటిలోనికి కాదు. ఇంకను సంస్కరింపదగినవానిని కూర్చుండబెట్టు అరుగుమీదికి. ఆయన అంతటితో ఊరకుండక, క్రొత్త పద్ధతి ననుసరించి మరల వ్రాయగా, 2017లో 4.12 కూర్పు మొదలుకొని అవి నట్టింటికి రాసాగినవి. అటుపిమ్మట 2022లో 5.18 కూర్పున ఒక మేలైన ఏర్పాటు కలిగినది. ఈ జాతి చిప్పులన్నిటికిని భాష దాదాపు ఒక్కటే. మేల్కొలుపు సంఖ్యల జాబితా మాత్రము తెర తెరకును కొంచెము మారును. కావున డ్రైవరు నొక్కదానినే ఉంచి, ఏ తెరకు ఆ జాబితాను విడిగా నొక చిన్న పత్రములో నిచ్చిన చాలునని ఏర్పరచిరి.

ఇందలి గొప్పతనము నాకు వెంటనే బోధపడలేదు. మనుమడు ఆ జాబితాను కాగితముమీద వ్రాసి నాచేతి కిచ్చెను. 17, ఆగుము, 58, 54, 41 — నేను కండ్లద్దములు పెట్టుకొని చదువగలిగినట్టి పత్రమది. అది తెరకు చెప్పు మాటలే గాని కంప్యూటరునకు ఇచ్చు ఆజ్ఞలు కావు. అందు తప్పు వ్రాసినను మహా యైన తెర వెలుగదు. బావుల లెక్క చెడదు. చీటిలోని కార్యక్రమమో, ఏమి చేయునో నాకు తెలియదు, ఏమైన చేయుటకు నేనధికార మిచ్చితిని. రెండింటికిని గల భేదము తాకట్టు పత్రమునకును తెల్లకాగితముమీది వేలిముద్రకును గల భేదము.

మనుమడు చేసిన పని యింత. వేఱొక క్రొత్త కార్డుమీద రాస్ప్‌బెర్రీ పై సంస్థవారి కూర్పునే వ్రాసెను. పాత కార్డును కాగితములో చుట్టి బీరువాలో పెట్టెను. ఆ జాబితాను వ్రాసి, చిన్న సాధనముతో కెర్నెలు చదువు రూపమునకు మార్చి, దానికి తగిన అఱలో నుంచెను. ఏర్పాట్ల పత్రమున రెండు మూడు పంక్తులు చేర్చెను: ఎస్.పి.ఐ. మార్గమును తెఱువుము, ఇట్టి తెర కలదు, దాని కొలతలివి, ఆజ్ఞ-సరకుల తీగె ఫలానా సూదికి తగిలియున్నది. ఆ పత్రమునకు ముందుగా నొక నకలు తీసి పెట్టెను. యంత్రమును ఆర్పి వెలిగింపగా తెర నల్లబడినది. నేను మరల చెడినదని యదరిపడితిని. "నల్లబడుటయే మంచిది తాతగారూ! చిప్పు మేల్కొనినది, మనమింకను బొమ్మ పంపలేదు" అనెను.

పరీక్షకై మన జాతీయపతాకము బొమ్మను చూపితిమి. మీది పట్టె కాషాయమునకు బదులు నీలమై వెలసినది. నడుమ చక్రము ముదురెఱ్ఱనైనది. ఆకుపచ్చ మాత్రము సరిగనే యున్నది. చిప్పునకు ఎఱుపు, ఆకుపచ్చ, నీలము అను వరుసలో మేము చెప్పుచుండగా అది తలక్రిందుగా వినుచున్నది. మొదటిదియు చివరిదియు తారుమారైనవి, నడుమనున్న ఆకుపచ్చ కదలలేదు. 54 సంఖ్య వెంట పంపు విలువలో నొక గుర్తును మార్చగా పతాకము తన రంగు తాను పొందినది. ఏ రంగు చెడెనో, ఏది చెడలేదో చూచిన మాత్రముననే తప్పెక్కడనో తెలిసిపోవుట నాకు బాగుగా నున్నది.

తెర వేగము సంగతి కూడ చెప్పవలెను. ఏలయనగా దీనిపై సినిమాలు చూడవచ్చునని అంగడివారు చెప్పుదురు. 320 చుక్కలను 240తో గుణింప 76,800. ఒక్కొక్క చుక్క రంగునకు 16 గుర్తులు. ఒక్క బొమ్మకు 12,28,800 గుర్తులు ఒక్క తీగెమీద ఒకదానివెంట నొకటి పోవలెను. సెకనునకు 3,20,00,000 గుర్తులు పంపినను సెకనునకు 26 బొమ్మలకంటె మించవు. తీగెలు పొడవైనచో అంత వేగము సాగదు, బొమ్మ చెదరును. వేగమును తగ్గించి వ్రాసికొనవలెను. బావుల లెక్కకు నిమిషమునకు ఒక్క బొమ్మ చాలును, కాబట్టి మేము మిక్కిలి నెమ్మదిగా నడుపుచున్నాము.

ఇక తెలుగు అక్షరముల మాట. నేను మొదట కొనదలచినది వేఱొక జాతి తెర: వరుసకు 16 అక్షరములు, రెండు వరుసలు గలది. వెల తక్కువ. హితాచివారి హెచ్.డి. 44780 అను చిప్పు పద్ధతిని నడచునది. అందు ఇంగ్లీషు అక్షరములు పుట్టుకతోనే చెక్కబడియుండును. మనకు వలసిన క్రొత్త అక్షరములకు 8 ఖాళీలు మాత్రమే గలవు. ఒక్కొక్కటి 5 చుక్కల వెడల్పు, 8 చుక్కల యెత్తు. మన వర్ణమాలకు, గుణింతములకు, ఒత్తులకు ఆ యెనిమిది గదులు ఏమూలకు? స్త్రీ అను అక్షరమును 5 చుక్కలలో నిలుపుడని యే శిల్పిని అడుగుదుము? చుక్కల తెరకు ఈ బాధ లేదు. డ్రైవరునకు తెలుగు రాదు, ఇంగ్లీషు రాదు. చుక్కలు మాత్రమే తెలియును. అక్షరములను దిద్దుట మరియొకరి పని. 1991లో వెలువడిన యూనికోడు మొదటి కూర్పుననే తెలుగు అక్షరములకు సంఖ్యలు ఏర్పడినవి. ఆ సంఖ్యలను హార్ఫ్‌బజ్ అను సాధనము ఒత్తులతో, గుణింతములతో కూర్చును. నోటో, లోహిత్ వంటి ఫాంట్లు ఆకారమునిచ్చును. కావున తెరపై తెలుగునకు మాఱుగా ఖాళీ గడులు వరుసగా కనబడిన డ్రైవరును నిందింపరాదు. ఫాంటు లేదని తెలిసికొనవలెను. మేము ఆ రెండు తప్పులను ఒకటిగా నెంచి ఒక పగలంతయు వృథాచేసితిమి.

మా తెరలో అంగుళమునకు సుమారు 143 చుక్కలు. ముసలికండ్లకు ఆనవలెనన్న నాలుగైదు పంక్తులకంటె నెక్కువ పెట్టరాదు. 9 బావులు ఒక్కమారు పట్టవు గాన మూడేసి బావుల చొప్పున మార్చి మార్చి చూపుచున్నాము. బావి పేరు, ఈ వారపు లోతు, పోయిన సంవత్సర మిదే వారపు లోతు. 2025 వేసవిలో ఆరు బావుల యెదుట ఆ మూడవ అంకె ఉండవలసినచోట గీత మాత్రమే యుండెను. అది చూచినవా రెవరును నన్నేమియు ననలేదు, నేనును చెప్పుకొనలేదు.

అటకమీది పుస్తకమును క్రిందికి దింపితిమి. కుఱ్ఱవాడు కొలత తీసినప్పుడు మొదట అందు సిరాతో వ్రాసి పిమ్మట యంత్రములో నెక్కించును. నెల మొదటి దినమున కార్డునకు ప్రతి తీయును. క్యాలెండరు రైతు ఇంకను తన పెన్సిలు మానలేదు. తెరమీద మాత్రము సాయంకాలము నాలుగు గంటలకు పడమటి యెండ పడి అక్షరములు కనబడవు. దానికై ఆ వాకిట తాటాకుతో చిన్న చూరొకటి దింపించితిమి.